యాంటిజెన్ వేరు, యాంటీబాడీ వేరు
డెంగీ వార్తల్లో యాంటిజెన్, యాంటీబాడీ అనే మాటలను ఒకదాని బదులు ఇంకొకటి వాడేస్తున్నారు. యాంటిజెన్ అంటే మన రోగనిరోధక వ్యవస్థ పరాయిదని గుర్తుపట్టే పదార్థం; యాంటీబాడీ దాన్ని పట్టుకోవడానికి ఒంట్లో తయారయ్యే ప్రొటీన్. మొన్న మా అబ్బాయికి జ్వరం వచ్చిన రెండో రోజున ‘ఎన్‌ఎస్‌1 యాంటిజెన్ పాజిటివ్, ఐజీఎం నెగెటివ్’ అని రిపోర్టు వచ్చింది. ల్యాబ్ కౌంటర్లో కుర్రాడేమో ‘సగం డెంగీ’ అన్నాడు! ఎన్‌ఎస్‌1 అనేది డెంగీ వైరస్ తాలూకు ప్రొటీన్, అంటే యాంటిజెన్; జ్వరం మొదటి రోజుల్లోనే దొరుకుతుంది. ఐజీఎం యాంటీబాడీలు కనబడటానికి సాధారణంగా నాలుగైదు రోజులు పడుతుంది. అందుకే రెండో రోజున ఐజీఎం నెగెటివ్ వచ్చింది కానీ, అది సగం డెంగీ కాదు. తెలుగులో రాసినా యాంటీబాడీని ఒకరు ప్రతిరక్షకం అంటే ఇంకొకరు ప్రతిదేహం అంటారు. పత్రికలు ఒక్కోదానికి ఒకే మాట ఖాయం చేసుకోవాలి. ఈ తేడాను రిపోర్టు కింద రెండు ముక్కల్లో తెలుగులో అచ్చువేయాలని వైద్యారోగ్య శాఖ ల్యాబ్‌లను ఆదేశించాలి.