ఆదివారం కూటమి: పోపు పద్నాలుగవ లియో గారి గురించి

విచారణ (పారిష్) అధ్యయన బృంద సభ్యులందరికీ నమస్కారం.

వచ్చే ఆదివారం ఉదయం దివ్యబలి పూజ ముగిసిన వెంటనే, దేవాలయం పక్కనున్న హాలులో పోపు పద్నాలుగవ లియో గారి జీవితం, తొలినాళ్ల నాయకత్వం గురించి గంటసేపు మాట్లాడుకుందాం.

2025 మే 8న ఎన్నికైన ఆయన అసలు పేరు రాబర్ట్ ఫ్రాన్సిస్ ప్రీవోస్ట్. 1955లో చికాగోలో పుట్టి, గణితంలో పట్టా పొంది, అగస్టీనియన్ సన్యాస సభలో చేరి, 1982లో గురువు (ప్రీస్ట్) అయ్యారు. అమెరికా నుంచి వచ్చిన తొలి పోపు అని అందరూ అన్నారు గానీ, ఆయనను తీర్చిదిద్దింది పెరూ దేశమేనని నా నమ్మకం. ఏళ్ల తరబడి అక్కడ మిషనరీగా, ఆ తర్వాత 2023 వరకు చిక్లాయో పీఠాధిపతిగా (బిషప్‌గా) సేవ చేసిన ఆయన, సెయింట్ పీటర్స్ బసిలికా బాల్కనీ నుంచి చేసిన తొలి ప్రసంగంలో ఇటాలియన్ ఆపి, ఆ చిక్లాయో విశ్వాసులను స్పానిష్‌లో ఆప్యాయంగా పలకరించారు.

1891లో కార్మికుల పక్షాన విశ్వలేఖ (పోపు శ్రీసభ అంతటికీ రాసే లేఖ) రాసిన పదమూడవ లియో గారి పేరు ఎందుకు ఎంచుకున్నారో మే 10న కార్డినళ్లకు వివరిస్తూ, కృత్రిమ మేధ నేడు మానవ గౌరవానికి, న్యాయానికి, శ్రమకు కొత్త సవాళ్లు విసురుతోందని చెప్పారు. మన పిల్లల్లో చాలామంది సాఫ్ట్‌వేర్ ఉద్యోగాల్లో ఉన్నారు కాబట్టి ఎక్కువ సమయం దీనికే ఇద్దాం. అన్నట్టు, ఈ పోపు ఎన్నికలో మన హైదరాబాదు అగ్రపీఠాధిపతి కార్డినల్ పూల ఆంథోనీ గారు కూడా ఓటు వేశారు.

ప్రతి ఇంటి నుంచి ఒక ప్రశ్న రాసి తీసుకురండి. వచ్చేవారు శుక్రవారం రాత్రిలోగా ఇక్కడే పేరు తెలియజేస్తే, కుర్చీలు, టీ ఏర్పాట్లకు వీలుగా ఉంటుంది. ఫోన్ చూడని పెద్దవాళ్లకు దయచేసి మీరే కబురు చెప్పండి.