వార్షిక నివేదిక: శేషుడి వెన్ను మీద ఈ ఏడాది మన నడక

గౌరవ సభ్యులందరికీ నమస్కారం.

సర్వసభ్య సమావేశంలో కార్యదర్శి నివేదిక చదవాలన్నది మన నియమం. నియమం లేకపోయినా ఈసారి రాసేవాణ్ణే. ఈ ఏడాది మనవాళ్లు పడిన కష్టం కాగితం మీద ఉండి తీరాలి.

సంఘం ఎందుకు పెట్టుకున్నామో మీకు కొత్తగా చెప్పేదేముంది? తిరుమల దగ్గర పడగ, అహోబిలం దగ్గర నడుము, శ్రీశైలం దగ్గర తోక పెట్టి ఆదిశేషుడు పడుకున్నాడని మన పెద్దలు చెప్పిన కొండలివి. ఆ కథా బతకాలి, ఆ కొండా బతకాలి.

తీర్థాల నడకలు మూడూ జరిగాయి. పుష్య పౌర్ణమికి రామకృష్ణ తీర్థం, మాఘ పౌర్ణమికి కుమారధార, ఫాల్గుణ పౌర్ణమికి తుంబురు తీర్థం. కుమారధారలో మునిగిన ముసలాయన పడుచువాడై లేచాడని కథ. మన పెద్ద సభ్యుల్లో ఇద్దరు ఆ నీళ్లు నెత్తిన చల్లుకుని, తిరుగు దారిలో కుర్రాళ్లకంటే ముందు నడిచారు. తుంబురు కోనలో కొండ నిలువునా రెండుగా చీలినట్టు ఉంటుంది. ఆ సందులో నిలబడి తల ఎత్తితే ఆకాశం సన్నటి నీలి పట్టీలా కనిపిస్తుంది. చూసినవాళ్లకు వర్ణన అక్కర్లేదు. చూడనివాళ్లు వచ్చే ఏడాదైనా రండి.

ఈసారి బంగారు బల్లిని దగ్గరగా చూశాం. 1870లో బెడ్డోమ్ అనే బ్రిటిష్ ప్రకృతి శాస్త్రవేత్త ప్రపంచానికి పరిచయం చేసిన జీవి అది. వెలుతురు సరిగా రాని రాతి నెర్రెలో ముందు గుడ్లు అతికి ఉన్న తెల్లటి మచ్చలు కనిపించాయి. చాలా బల్లులు ఒకే చోట గుడ్లు పెడతాయట. కాసేపటికి పైనుంచి మగ బల్లి దిగింది. ఒళ్లంతా పసుపు పూసినట్టు మెరిసింది. కంచిలో తాకే బల్లి ఇదేనా అని ఒకరు అడిగారు. అది గుడిలోది, ఇది ప్రాణం ఉన్నది, దీన్ని తాకకూడదు అని చెప్పాం. ఎవరూ టార్చి వేయలేదు. అందుకు సభ్యులకు ప్రత్యేకంగా ధన్యవాదాలు.

ఇక ఈ ఏడాది మనం తలెత్తుకుని చెప్పుకోవాల్సిన కార్యక్రమం, ప్రభుత్వ పాఠశాల పిలకాయలను కొండకు తీసుకెళ్లడం. తిరుమల ఘాట్ రోడ్డులో బస్సు ఆపడానికి అనుమతి కోసం ఒక కార్యాలయం చుట్టూ మూడు నెలలు తిరిగాం. ఫైలు ఏ టేబుల్ మీద ఉందో చెప్పడానికి కూడా అక్కడ మనిషి దొరకలేదు. మన కోశాధికారి సెలవు పెట్టుకుని నాలుగుసార్లు వెళ్లారు. చివరికి ఇచ్చింది పదిహేను నిమిషాలు. ఆ పదిహేను నిమిషాలూ వృథా పోలేదు.

రోడ్డు పక్క కోతలో కింద గ్రానైటు, దాని మీద నగరి క్వార్ట్‌జైట్, అంటే ఇసుక గట్టిపడి అయిన రాయి. రెండింటి మధ్య ఉన్నది ఒక్క గీత. భూగర్భ శాస్త్రవేత్తలు ఎపార్కియన్ అన్‌కన్ఫార్మిటీ అనేది దాన్నే. కింది రాయి పుట్టాక, పై రాయి పేరుకోకముందు పదుల కోట్ల ఏళ్లు గడిచిపోయాయి. ఆ కాలమంతా కోతకు గురై కొట్టుకుపోయింది. తొమ్మిదో తరగతి అమ్మాయి ఒకతె బొటనవేలు కింది రాయి మీద, చూపుడువేలు పై రాయి మీద ఆనించి, "సార్, నా రెండు వేళ్ల మధ్య ఇన్ని కోట్ల ఏళ్లా?" అంది. అవునమ్మా అన్నాను. ఆ అమ్మాయి చేయి తీయడానికి చాలాసేపు పట్టింది.

తర్వాత శిలాతోరణం, తనంతట తానే ఏర్పడిన రాతి తోరణం. స్వామి రెండో అడుగు ఇక్కడ పెట్టాడని వాళ్ల అవ్వలు చెప్పిన కథను పిల్లలే మాకు చెప్పారు. ఇలాంటి తోరణాలు ప్రపంచంలో మూడే ఉన్నాయన్న మాట కూడా ఒకడు అన్నాడు. అది మాత్రం సరిదిద్దాం. అమెరికాలోని ఆర్చెస్ నేషనల్ పార్కులోనే 2,000కు పైగా ఉన్నాయి. మన తోరణం గొప్పదనానికి తప్పుడు లెక్క అవసరం లేదు.

చక్రతీర్థం దారిలో ఒక బండ మీద వరస వరసగా గాట్లు ఉన్నాయి. పిల్లలకు తోడుగా వచ్చిన అవ్వ వంగి, అరచేత్తో నిమిరి, "ఇవి శేషుడి పొలుసులే కదయ్యా" అంది. మనతో వచ్చిన రిటైర్డ్ లెక్చరర్ గారు ఆమెను కాదనలేదు. పక్కనే కూర్చుని, ఒకప్పుడు ఇక్కడ లోతు తక్కువ సముద్రం ఉండేదని, దాని అలలు ఇసుక మీద వేసిన గాట్లే రాయైపోయాయని పిల్లలకు చెప్పారు. అవ్వ శ్రద్ధగా విని, "సముద్రంలో పడుకునేవాడే కదా శేషుడు" అంది. ఆ మాట నాకు ఈ ఏడాదంతా గుర్తుంది. మన సంఘం పని ఏమిటో అంత చక్కగా నేను ఎప్పుడూ చెప్పలేకపోయాను.

కష్టంగా ఉన్నా ఒక సంగతి చెప్పాలి. తుంబురు తీర్థంలో పౌర్ణమి నాటి ముక్కోటి ఉత్సవం మర్నాడు దారి శుభ్రం చేయడానికి గ్రూపులో "వస్తాం" అన్నవాళ్లు నలభై మందికి పైనే. తెల్లవారి పాపవినాశనం దగ్గర చూస్తే తొమ్మిది మందిమి. కవర్లు, ప్లేట్లు, పాత చెప్పులు ఏరి పదకొండు సంచులు మోశాం. అరవై దాటిన అమ్మగారు ఒకరు రెండు సంచులు మోస్తుంటే సిగ్గేసింది. రాలేనివాళ్లు రాలేమని ముందే చెప్పండి, ఎవరూ ఏమీ అనుకోరు. వస్తామని రాకపోతే మాత్రం మిగతావాళ్ల నడుములు విరుగుతాయి. ఆ సంచులు తీసుకెళ్లడానికి బండి పంపుతామన్న ఆఫీసు నుంచి బండీ రాలేదు, ఫోనూ రాలేదు. ఒక సభ్యుడు సొంత ఆటో తెచ్చారు. ఆయనకు ఎన్ని దండాలు పెట్టినా తక్కువే.

లెక్కలు: చందాలు, విరాళాలు, ఖర్చుల పట్టిక మీ చేతికి ఇచ్చాం. తనిఖీ పూర్తయింది, కొద్దిగా మిగులు ఉంది. అనుమానాలుంటే కోశాధికారిని అడగండి.

బస్సు ఇచ్చిన యాజమాన్యానికి, పిల్లలను నమ్మి పంపిన ప్రధానోపాధ్యాయురాలికి, దారి చూపిన అటవీ సిబ్బందికి, పులిహోర పొట్లాలు కట్టిన మన మహిళా సభ్యులకు, లెక్చరర్ గారికి సంఘం తరఫున కృతజ్ఞతలు. పేరు పేరునా చెప్పలేకపోయినందుకు మన్నించండి.

రామకృష్ణ తీర్థం నడక మళ్లీ పుష్య పౌర్ణమికే. మర్నాడు శుభ్రం చేసే పనికి పేర్లు ఈ సమావేశంలోనే రాసుకుంటాం. పుస్తకం తలుపు దగ్గర బల్ల మీద ఉంది. ఈసారి సంతకం కూడా పెట్టాలి.

కార్యదర్శి