పేరు సంగతి ఏమైంది చిన్నీ?

చిన్నీ,

ఇక్కడ అందరం బాగున్నాం. మీ నాన్నకి మోకాలి నొప్పి తగ్గింది. అక్క కొడుకు నీ పాత క్లాప్ బోర్డు పట్టుకుని ఇల్లంతా టపటపలాడిస్తున్నాడు. నువ్వు ఫోన్ ఎత్తడం లేదని రాస్తున్నాను, అంతే.

పద్మత్త ఏదో అంది. నువ్వు రాసిన కథతో ఎవరో షార్ట్ ఫిల్మ్ తీశారట, టైటిల్స్‌లో నీ పేరు లేదట. నిజమేనా? స్క్రిప్టు ఇచ్చేముందు కాగితం రాయించుకున్నావా? రచన ఎవరిది, దర్శకత్వం ఎవరిది, ఫెస్టివల్స్‌కి ఎవరు పంపాలి, డబ్బొస్తే ఎవరికెంత, ఇవన్నీ స్నేహం బాగున్నప్పుడే రాసుకోవాలి. షార్ట్ ఫిల్మ్‌లో చేతికొచ్చేది ఎలాగూ తక్కువ. రేపు నిర్మాత దగ్గరికెళ్తే చూపించుకోవడానికి ఉండేది ఆ పేరే.

సరే, అది వదిలెయ్. మొన్న 'విప్‌లాష్' సినిమా తీసిన హాలీవుడ్ దర్శకుడు డామియన్ షజెల్ గురించి చదివాను. స్క్రిప్టు అంతా రాసి పెట్టుకున్నా డబ్బు పెట్టేవాళ్లు దొరక్క, అందులోంచి ఒక్క ఘట్టం తీసి షార్ట్ ఫిల్మ్ చేశాడట. 2013లో అమెరికాలో జరిగే సన్‌డాన్స్ ఫిల్మ్ ఫెస్టివల్‌లో దానికి బహుమతి వచ్చింది, మరుసటి ఏడాదికి పెద్ద సినిమా అయింది. నీ పెద్ద స్క్రిప్టులో ఆస్తి పంపకాల సీన్ ఉంది చూడు, అది విడిగా నిలబడుతుంది. నిడివి మాత్రం సాగదీయకు. ఆస్కార్ వాళ్లు టైటిల్స్‌తో కలిపి 40 నిమిషాల దాకా ఒప్పుకుంటారని అంతా వాడేసుకోనక్కర్లేదు. తొందరపడి యూట్యూబ్‌లో పెట్టేయకు, కొన్ని ఫెస్టివల్స్ వాళ్లు ఇక తీసుకోరు.

మన వంటింట్లో షూటింగ్ గుర్తుందా? సౌండ్ అబ్బాయి హెడ్‌ఫోన్స్ పెట్టుకుని ఫ్రిజ్ మోత వస్తోందన్నాడు. ఫ్యాన్ కట్టేశారు, ఫ్రిజ్ ప్లగ్గు పీకారు. నువ్వు నీ బండి తాళాలు తీసుకెళ్లి ఫ్రిజ్‌లో పెట్టావు. ఇదేం పనే అంటే, "వెళ్లేటప్పుడు తాళాల కోసం తలుపు తీస్తాను కదమ్మా, ప్లగ్గు పెట్టడం అప్పుడు గుర్తొస్తుంది" అన్నావు. చివర్లో ఎక్కడివాళ్లని అక్కడే ఆపి, ఆ గది నిశ్శబ్దాన్ని అర నిమిషం రికార్డు చేయించావు. ఎడిటింగ్‌లో మాటల మధ్య అతకడానికట. సరిగ్గా అప్పుడే మీ నాన్నకి దగ్గొచ్చింది. మళ్లీ మొదటికి. రెండోసారి ఆయన నోటికి తువ్వాలు అడ్డం పెట్టుకుని, మొహం ఎర్రబడేదాకా ఊపిరి బిగబట్టి నిలబడ్డారు. "ఓకే" అని నువ్వన్నాకే వదిలారు. అర నిమిషం నిశ్శబ్దానికి అంత పట్టుబట్టినదానివి, నీ పేరు దగ్గర మొహమాటపడితే ఎలా?

ఎడిటింగ్ ఉద్యోగం మానకు. డబ్బులివ్వలేని యూనిట్‌కి వేళకి భోజనమైనా పెట్టు, నువ్వూ తిను. రాత్రి షూటింగ్ అయితే తెల్లారాక బండి నడపొద్దు, ఎవరినైనా దింపమను.

ఆ ఫిల్మ్ లింకు పంపు, టైటిల్స్ నేనే చూస్తాను. వాళ్లకి స్క్రిప్టు పంపిన మెయిల్స్ ఒక్కటి కూడా చెరిపేయకు. నీ డ్రాఫ్టులన్నీ తేదీలతో సహా హార్డ్ డిస్క్‌లోకి ఎక్కించి ఇక్కడికి పంపించు. మీ నాన్న బీరువాలో చోటు చేసి ఉంచారు.

అమ్మ