ట్రన్కా బొమ్మల గురించి వల్లికి

తెనాలి,
ఆదివారం

చి. శ్రీవల్లికి అమ్మ ఆశీస్సులు.

ఇక్కడ మేమందరం క్షేమం. నాన్నగారి మోకాలి నొప్పి కొంత తగ్గింది. కషాయం వల్ల తగ్గిందని ఆయన, డాక్టరు మందుల వల్ల తగ్గిందని నేను అనుకుంటున్నాము. సంక్రాంతికి వచ్చి వెళ్ళిన తరువాత ఫోనులో "బాగానే ఉన్నానమ్మా, మళ్ళీ చేస్తాను" అన్న మాట తప్ప నీ నోటి నుంచి మరొక మాట వినలేదు. ఫోనైతే పెట్టేస్తావు, ఉత్తరమైతే చివరిదాకా చదువుతావన్న నమ్మకంతో రాస్తున్నాను. ప్రత్యేకంగా చెప్పవలసిన సంగతి ఏమీ లేదు. నిరుడు వేసవిలో నువ్వు నాకు చూపించిన చెక్ దర్శకుడు యిరీ ట్రన్కా గురించి ఈ మధ్య కూర్చుని చాలా చదివాను. ఆ సంగతులు నీతో కాక ఇంకెవరితో చెప్పుకోను?

మొన్న గుంటూరులో పెళ్ళికి వెళితే కాంతం పిన్ని కనిపించి, "వల్లి స్టూడియో ఉద్యోగం మానేసిందటగా, ఎవరో ఇద్దరితో కలిసి గది తీసుకుని బొమ్మల సినిమా తీస్తోందటగా" అని భోజనాల దగ్గర అందరూ వినేటట్లు అడిగింది. కాంతం మాటలు నేను ఎన్నడూ పూర్తిగా నమ్మనని నీకు తెలుసు. ఆ విషయం అలా ఉంచు.

ట్రన్కా 1912 ఫిబ్రవరి 24న పిల్సెన్ పట్టణంలో పుట్టాడు. తండ్రిది రేకు పని, తల్లి బట్టలు కుట్టేది. ఊహ తెలిసినప్పటి నుంచి చెక్కతో బొమ్మలు చెక్కి తోటి పిల్లలకు ఆటలు ఆడి చూపించేవాడట. బడిలో అతనికి దొరికిన మాస్టారు యోసెఫ్ స్కూపా. స్పెయ్‌బ్ల్, హుర్వీనెక్ అనే తండ్రీకొడుకుల కీలుబొమ్మలతో ఆ దేశమంతటినీ నవ్వించిన మనిషి ఆయనే. ఆ స్కూపా పిల్లవాడి చేతిలోని పనిని గుర్తించి, తన బొమ్మలాటలో చిన్న చిన్న బాధ్యతలు అప్పగించాడు. ప్రాగ్‌లోని అప్లైడ్ ఆర్ట్స్ స్కూలుకు పంపమని ఇంట్లోవాళ్ళను అడిగితే వారు మొదట ఇష్టపడలేదు. చివరకు స్కూపాయే వారిని ఒప్పించాడు. 1929 నుంచి 1935 వరకు ట్రన్కా అక్కడ చదువుకున్నాడు.

ఆయన జీవితం రాసినవాళ్ళందరూ ఈ సంగతిని ఒక్క వాక్యంలో దాటేస్తారు. నేను మాత్రం అక్కడ చాలాసేపు ఆగిపోయాను. ఒకరు రేకులు అతికి, ఒకరు బట్టలు కుట్టి నడుపుకొనే ఇంట్లో, కొడుకు బొమ్మలు చేసి ఎలా బతుకుతాడన్న భయం ఉండదా? ఉండి తీరాలి. అయినా వాళ్ళు సరే అన్నారంటే, పిల్లవాడి పని ఎరిగిన పెద్దమనిషి ఒకడు వారి ముందుకు వచ్చి, ఏం చదవబోతున్నాడో, ఎక్కడ చదవబోతున్నాడో ముఖాముఖి చెప్పాడు కాబట్టి. సంగతి ముందుగా తెలిసింది కనుక ఆలోచించుకోవటానికి వారికి వ్యవధి దొరికింది. పెళ్ళిపందిట్లో మరొకరి నోటి నుంచి వినవలసిన అవస్థ వారికి రాలేదు.

చదువు ముగించి 1936లో ప్రాగ్‌లో సొంతంగా ఒక బొమ్మలాట థియేటరు పెట్టాడు. అది ఎక్కువకాలం నిలవలేదు. దాని తరువాత ఆయన చేసిన పనిని నువ్వు జాగ్రత్తగా గమనించాలని నా కోరిక. థియేటరు పోయిందని కూలబడకుండా పిల్లల పుస్తకాలకు బొమ్మలు వేశాడు. రెండో ప్రపంచ యుద్ధకాలంలో అదే అతనికి ముఖ్యమైన ఆధారం. ఆ తరువాత సినిమాల్లో ఎంత పేరు వచ్చినా ఆ కుంచెను కింద పెట్టలేదు. గ్రిమ్ సోదరుల కథలకూ, ఆండర్సన్ కథలకూ ఆయన వేసిన బొమ్మలు చూసి ఎన్ని దేశాల పిల్లలు పెరిగారో! 1968లో బాలసాహిత్యానికి ఇచ్చే హాన్స్ క్రిస్టియన్ ఆండర్సన్ పురస్కారం చిత్రకారుడిగా ఆయనకే వచ్చింది. ఎవరైనా సరే, నీ గురించే అనటం లేదు, నెలజీతం వదులుకోదలిస్తే, ఆ ఖాళీని కొంతైనా పూడ్చే మరొక పని చేతిలో ఉంచుకోవాలి. నీకు బొమ్మలు వేయటం చక్కగా వచ్చు. పదో తరగతిలో నువ్వు పంపిన బొమ్మను పిల్లల పత్రిక వారు వేసుకున్నారు కదా, ఆ సంచిక ఇంకా నా బీరువాలోనే ఉంది. ఇంటి అద్దె, కరెంటు బిల్లు, నెల సామాను, డాక్టరు ఖర్చు, ఇవన్నీ ఒక కాగితం మీద రాసుకొని, కనీసం ఒక సంవత్సరానికి సరిపడా డబ్బు బ్యాంకులో వేసుకోకుండా ఎవరూ ఇటువంటి పనికి దిగకూడదు. ఆరోగ్య బీమా కంపెనీ ఇచ్చినదైతే ఉద్యోగంతోపాటే పోతుంది, అది కూడా చూసుకోవాలి. ఉపన్యాసం ఇవ్వకూడదనుకుంటూనే ఇచ్చాను, ట్రన్కా దగ్గరికి వస్తాను.

1945లో యుద్ధం ముగిసి, చెకోస్లోవేకియాలో సినిమా పరిశ్రమ అంతా ప్రభుత్వపరం కాగానే, మిత్రులతో కలిసి బ్రాత్‌ర్షి వ్ త్రికు అనే యానిమేషన్ స్టూడియోను మొదలుపెట్టాడు. మొదట తీసినవి గీసిన బొమ్మల చిత్రాలే. వాటిలో ఒకటి 1946లో, కాన్ చలనచిత్రోత్సవం మొదలైన ఏడాదే, అక్కడ బహుమతి తెచ్చుకుంది. మరొకరైతే ఆ దారినే ఉండిపోయేవారు. ఆయనకు మాత్రం తను గీసిన గీతకూ తెర మీది కదలికకూ మధ్య అంతమంది చేతులు అడ్డు రావటం నచ్చలేదు. ఇది చదివినప్పుడు నువ్వే గుర్తొచ్చావు. ఎవరో విదేశాల వారు గీసి పంపిన పాత్రకు నడక అమర్చి తిరిగి పంపటమే నీ రోజంతటి పని అనీ, ఆ పాత్ర ఎందుకు నడుస్తోందో కూడా మీకు చెప్పరనీ నువ్వు అన్న మాట నాకు జ్ఞాపకమే. ఆ మాట వెనకాల ఉన్న బాధ నాకు తెలియదనుకోకు. ట్రన్కా కూడా ఆ బాధతోనే గీతను వదిలి కీలుబొమ్మల వైపు తిరిగాడు. అయితే ఊరికే తిరగలేదు. 1947లో "ష్పాలీచెక్" వచ్చింది. చెక్ పల్లెల్లో సంవత్సరం పొడవునా జరిగే పండుగలూ ఆచారాలూ ఆరు చిన్న చిత్రాలుగా కూర్చిన సినిమా అది. ఆండర్సన్ కథ ఆధారంగా తీసిన చక్రవర్తి కోకిల కథ, "బాయాయా", చెక్ పురాణగాథలు, "ష్వెయ్క్", 1959లో షేక్‌స్పియర్ నాటకం, ఇలా ఒకదాని వెంట ఒకటి వచ్చాయి. బొమ్మలతో నిండుచిత్రం తీయవచ్చని అంతకుముందు నమ్మినవారు ఎంతమంది?

ఆ బొమ్మల ముఖాల గురించి ఎంత చెప్పినా నాకు తనివి తీరదు. ట్రన్కా బొమ్మకు పెదవులు కదలవు, కనుబొమలు లేవవు, చెక్కి రంగు వేసినప్పుడు ఉన్న ముఖమే చివరిదాకా ఉంటుంది. అయినా అది దిగులు పడుతుంది, సంతోషిస్తుంది, ఎదురు చూస్తుంది. ఆయనతో పనిచేసిన బ్రెటిస్లావ్ పోయార్ దీని కిటుకును చెప్పాడు. కళ్ళకు ఫలానా భావమని తేల్చకుండా రంగు వేసి, తల కాస్త పక్కకు తిప్పి, దీపం కాస్త జరిపి, ఆ ముఖంలో మనకు కావలసిన భావాన్ని పలికించేవాడట. మన తోలుబొమ్మల ముఖాలూ మారవు. అయినా మా ఊరి గుడి దగ్గర తెర వెనక సీతమ్మ ఏడుస్తుంటే మేమందరం ఏడ్చాము. అక్కడ ఆ పని గొంతు చేసింది. ట్రన్కా చాలా చోట్ల ఆ గొంతును కూడా తీసేసి, వాత్స్లావ్ ట్రోయాన్ సంగీతాన్నీ వెలుతురునూ మాత్రమే మిగుల్చుకున్నాడు. సెకనుకు 24 ఫోటోలు, ప్రతి ఫోటోకూ బొమ్మను వెంట్రుకవాసి జరపటం, నిప్పులు కక్కే ఆ లైట్ల కింద గంటల తరబడి వంగి నిలబడటం. నీ మెడ నొప్పి సంగతేమిటి? కళ్ళద్దాలు మార్పించుకోమని సంక్రాంతికే చెప్పాను, మార్పించుకున్నావా?

ఇక నువ్వు చూపించిన "చెయ్యి". 1965లో తీసిన ఆ పద్దెనిమిది నిమిషాల చిత్రమే ఆయన ఆఖరి చిత్రమని తెలిసిన తరువాత మళ్ళీ చూశాను. ఒక చిన్న గది. అందులో ఒక కుమ్మరి బొమ్మ, అతని చక్రం, అతనికి ప్రాణంగా ఉన్న ఒక మొక్క. ఆ మొక్క కోసమే కుండీలు చేసుకుంటుంటాడు. అంతలో తెల్లటి తొడుగు వేసుకున్న నిజమైన మనిషి చెయ్యి, ఆ బొమ్మ ముందు ఎంతో పెద్దది, లోపలికి వచ్చి, కుండీలు కాదు, నా రూపం చెయ్యమంటుంది. అతను తల అడ్డంగా ఊపుతాడు. మట్టిని లాక్కొని అది తన ఆకారం చేస్తుంది, అతను దాన్ని చెరిపి మళ్ళీ కుండీయే చేస్తాడు. తలుపు వేస్తే కిటికీ గుండా వస్తుంది. ఫోను మోగుతుంది, టెలివిజన్ వస్తుంది, డబ్బు ఆశ చూపుతుంది, బుజ్జగిస్తుంది, బెదిరిస్తుంది. చివరకు అతని కాళ్ళకూ చేతులకూ దారాలు కట్టి, బంగారు పంజరంలో పెట్టి, తన శిలావిగ్రహాన్ని తన ఎదుటే చెక్కిస్తుంది, పతకాలు తగిలిస్తుంది. అతను తప్పించుకొని గదికి వచ్చి, తలుపులకూ కిటికీలకూ అడ్డంగా చెక్కలు కొట్టుకొని కూర్చుంటాడు. పైనుంచి తన కుండీయే నెత్తిన పడి చనిపోతాడు. అంతవరకు వేధించిన ఆ చెయ్యే అతనికి ఘనంగా అంత్యక్రియలు చేస్తుంది.

అది రాజ్యం కళాకారుడి మీద వేసే చెయ్యి అని నువ్వు నాకు విడమరిచి చెప్పావు, అది నిజం. 1948లో కమ్యూనిస్టులు అధికారం చేపట్టిన తరువాత ఆ దేశంలో బతికినవాడికి ఆ చెయ్యి బరువు తెలియకుండా ఎలా ఉంటుంది? ప్రభుత్వ స్టూడియో కావటం వల్లనే ఏళ్ళ తరబడి జీతం రాళ్ళకు వెతుక్కోకుండా అంత ఓపికగా పని చేసుకోగలిగాడు, ఆ ప్రభుత్వం చేతినే చివరకు తెర మీద నిలబెట్టాడు. ఎంతటి ధైర్యం! 1968 ఆగస్టులో సోవియట్ నాయకత్వంలోని వార్సా ఒప్పందపు దేశాల సేనలు ప్రాగ్‌లో దిగాయి. 1969 డిసెంబరు 30న, 57 ఏళ్ళకే, ట్రన్కా కన్నుమూశాడు. ఆయన పోయిన తరువాత ఆ చిత్రాన్ని నిషేధించారు, దాదాపు రెండు దశాబ్దాలు అక్కడి ప్రజలకు అది కనిపించలేదు.

ఇదంతా ఒప్పుకుంటూనే, రెండోసారి చూసినప్పుడు నా కన్ను మాత్రం ఆ గది మీదనే నిలిచింది. ఆ కుమ్మరికి తల్లి లేదు, తోబుట్టువు లేడు, పక్కింటివాడు లేడు. ఫోను ఉంది, దాంట్లో ఆ చెయ్యి తప్ప మరెవరూ మాట్లాడరు. భయం వేసినప్పుడు అతను చేసిన పని లోపలి నుంచి చెక్కలు కొట్టుకోవటం. నెత్తిన దెబ్బ తగిలినప్పుడు చూసే దిక్కు లేకపోయింది. ఆ చిత్రాన్ని తీసిన మనిషి మాత్రం అలా బతకలేదు, వల్లీ. అతనికి పిల్సెన్‌లో స్కూపా ఉన్నాడు. ప్రాగ్‌లో పోయార్, లాతల్ వంటి వారు బొమ్మలను కదిపారు, ట్రోయాన్ పాట కట్టాడు. చివరి ఏళ్ళలో తాను చదివిన స్కూల్లోనే పిల్లలకు పాఠాలు చెప్పాడు. ఒంటరి బొమ్మ కథను ఇంతమంది కలిసి చెప్పారు. నువ్వు గది తీసుకున్నావో లేదో నాకు తెలియదు. తీసుకొని ఉంటే, ఆ తలుపు మాకు కూడా వేసి ఉంచవద్దు. ఉద్యోగం ఉన్నా, మానేసినా, నీ సంగతి నీ నోటి నుంచి వినాలి. మాతో మాట్లాడటానికి స్కూపా వంటి మాస్టారు లేకపోతే నువ్వే రా. బండి దిగిన దగ్గర నుంచి నాన్నగారు ఒక గంట కోపంగా ఉంటారు, ఆ తరువాత ఎన్ని నిమిషాల సినిమా, ఎవరు కొంటారు, కెమెరా ఎక్కడిది అని ఆయనే అడుగుతారు.

ఆయన ఈ మధ్య అటక మీద నుంచి అమ్మమ్మగారి పాత టేకు మంచాన్ని దింపించి, కోళ్ళు వేరు, పలకలు వేరు చేయించి వసారాలో పెట్టించారు. ఎందుకని అడిగితే జవాబు చెప్పలేదు. రాత్రి భోజనాల దగ్గర మాత్రం, బొమ్మలకు సెట్లు కట్టాలంటే ఎండిన చెక్క కావాలి కదా అన్నారు.

ఈ శనివారం శేషు బాబాయి హైదరాబాదు వస్తున్నాడు. గోంగూర పచ్చడి, కందిపొడి, సున్నుండలు పంపుతున్నాను. సున్నుండల్లో ఈసారి బెల్లమే వేశాను, చక్కెర మానేశాను, పక్కవాళ్ళకు పంచిపెట్టకుండా నువ్వు తిను. రాత్రి రెండింటిదాకా మేలుకోవద్దు. పాత గదికే పంపాలో, కొత్త అడ్రసు ఏదైనా ఉందో వెంటనే తెలియజెయ్యి. టేకు పలకలు ఎంత పొడవున కోయించాలో నాన్నగారు అడగమన్నారు, బాబాయి కారులో పట్టేటట్లు అంగుళాల్లో రాయి.

ఇట్లు,
అమ్మ