ఫోన్ నీది, పెత్తనం వాళ్లది

ఇర్వింగ్, టెక్సస్
ఆదివారం

ఒరేయ్ శీనూ,

నువ్వు పంపిన స్క్రీన్‌షాట్లు చూశాను. నువ్వు పెట్టకుండానే నీ ఫోన్‌లోకి వచ్చిన యాప్‌లు: సాలిటేర్ అనే పేకాట ఒకటి, స్లాట్ మెషీన్ ఆట ఒకటి, కూపన్ల యాప్ ఒకటి, వాతావరణం చెప్పేది ఇంకోటి. తీసేస్తే నాలుగు రోజులకి మళ్లీ కొత్తవి వస్తున్నాయని, ఎవడో ఫోన్ హ్యాక్ చేశాడని టెన్షన్ పడి బ్యాంకు యాప్ కూడా పీకేశావు. ముందు ఆ బ్యాంకు యాప్ మళ్లీ పెట్టుకో. నిన్నెవడూ హ్యాక్ చేయలేదు. నీకు ఫోన్ అమ్మిన కంపెనీయే, నువ్వు సంతకం పెట్టిన కాగితాల సాక్షిగా, దర్జాగా ఇవన్నీ పెట్టి పోతోంది. ఫోన్‌లో చెబుదామనుకున్నా గానీ, నువ్వు మధ్యలో పది ప్రశ్నలడిగి నన్ను ఎక్కడికో తీసుకుపోతావు. అందుకే కూర్చుని రాస్తున్నాను, టీ పెట్టుకుని చదువు.

మన గుంటూరులో ఫోన్ ఒక షాపులో కొంటాం, సిమ్ ఇంకో షాపులో తీసుకుంటాం. ఒకదానికీ ఇంకోదానికీ పెద్దగా సంబంధం ఉండదు. అమెరికాలో సిమ్ ఇచ్చేవాడే ఫోన్ కూడా అమ్ముతాడు. ఒహాయోలో ఆ కొలంబస్‌లో దిగిన వారానికే నీకు ఫ్రీ ఫోన్ ఇచ్చారని ఎగిరి గంతేశావు కదా, ఆ ఫ్రీ ఏమిటంటే 24 నెలలో 36 నెలలో నెలనెలా బిల్లులో కొంత తగ్గించడం. మధ్యలో కంపెనీ మారితే మిగతా తగ్గింపు పోతుంది, ఫోన్ బాకీ నీ నెత్తిన పడుతుంది. అలా అమ్మే ఆండ్రాయిడ్ ఫోన్లలో సాఫ్ట్‌వేర్ కూడా ఆ కంపెనీ కోసం విడిగా తయారుచేసిందే ఉంటుంది. ఆన్ చేయగానే ముందు వాళ్ల లోగో వస్తుంది చూశావా, అందుకే.

ఇప్పుడు ఒక పని చెయ్యి. ఆ సాలిటేర్ ఐకాన్ మీద వేలు నొక్కి పట్టుకుని యాప్ ఇన్ఫో తెరువు. నోటిఫికేషన్లు, పర్మిషన్లు, బ్యాటరీ అన్నీ దాటుకుంటూ అట్టడుగుదాకా పో. అక్కడ యాప్ వివరాలు అనే చోట, ఈ యాప్ ఎక్కడి నుంచి వచ్చిందో చిన్న అక్షరాల్లో రాసి ఉంటుంది. నువ్వే పెట్టుకున్న వాట్సాప్‌కి అదే చోట చూడు, గూగుల్ ప్లే స్టోర్ అని ఉంటుంది. సాలిటేర్‌కి మాత్రం చాలావరకు వేరే పేరు కనబడుతుంది. మొబైల్ సర్వీసెస్ మేనేజర్ అనో, యాప్ సెలెక్టర్ అనో, యాప్ మేనేజర్ అనో, కంపెనీని బట్టి మారుతుంది. పేరు వింటే ఏదో నెట్‌వర్క్‌కి అవసరమైన భాగంలా ఉంటుంది, అదే వాళ్ల తెలివి. నీకు కావాల్సిన దొంగ అదే. ఇన్నాళ్లూ నువ్వు చీమల్ని చంపుతూ కూర్చున్నావు, పుట్ట మాత్రం చెక్కుచెదరలేదు.

అది ఐకాన్ల మధ్య కనబడదు. ఫోన్ తయారయ్యేటప్పుడే సిస్టమ్ భాగంలో దాన్ని పెడతారు. మామూలు యాప్ ఇంకో యాప్‌ని పెట్టాలంటే నిన్ను అడగాలి. దీనికి మాత్రం అడగకుండా పెట్టే అధికారం ముందే ఇచ్చేసి ఉంటుంది. సిస్టమ్ భాగంలో ఉంటుంది కాబట్టి అన్‌ఇన్‌స్టాల్ అన్న బటనే రాదు.

ఎవడికి ఏం లాభం అని అడుగుతావు. యాప్ తయారుచేసినవాడు ఒక్కో ఇన్‌స్టాల్‌కి ఇంతని కడతాడు, దాంట్లో సిమ్ కంపెనీకీ వాటా. ఈ పని చేసిపెట్టే సాఫ్ట్‌వేర్ కంపెనీలు విడిగా ఉన్నాయి. పెద్దవాళ్లలో ఒకరు మా టెక్సస్‌లోనే, ఆస్టిన్‌లో ఉన్న డిజిటల్ టర్బైన్. ఇంతకుముందు దాని పేరు మాండలే డిజిటల్. 2012లో లోజియా అనే ఇజ్రాయెల్ కంపెనీ మొబైల్ వ్యాపారాన్ని కొన్నారు. వాళ్ల ఇన్‌స్టాలర్, అంటే యాప్‌లు తెచ్చిపెట్టే ఆ దొంగ యాప్, దాని అసలు ప్యాకేజీ పేరు (ఫోన్ లోపల దాన్ని గుర్తుపట్టే పేరు) తీసి చూస్తే లోజియా అన్న పాత పేరు అలాగే ఉండేది. ఇల్లు చేతులు మారినా గుమ్మం మీద పాత ఓనరు పేరు చెరపలేదన్నమాట. ఇంకొకరు ఐరన్‌సోర్స్, వాళ్లని 2022లో యూనిటీ కలుపుకుంది. ఆటలు తయారుచేసే సాఫ్ట్‌వేర్ కంపెనీయే ఆటల్ని ఫోన్లలోకి ఎక్కించే పనిలో కూడా ఉందని తెలిసినప్పుడు నాకు నవ్వొచ్చింది.

సరే, పని చూద్దాం. సెట్టింగ్స్‌లో యాప్స్‌కి వెళ్లు. పైన ఫిల్టర్ గుర్తో, మూడు చుక్కలో ఉంటాయి, అందులో సిస్టమ్ యాప్స్ చూపించు అన్నది ఆన్ చెయ్యి. జాబితా చాంతాడంత అవుతుంది, కంగారు పడకు. ఇందాకటి పేరు వెతికి తెరువు. ముందు స్టోరేజ్‌లోకి వెళ్లి డేటా క్లియర్ చెయ్యి, నోటిఫికేషన్లు ఆపు, తర్వాత డిసేబుల్ నొక్కు. ఫోర్స్ స్టాప్ ఒక్కటే నొక్కితే లాభం లేదు, ఫోన్ రీస్టార్ట్ అవగానే మళ్లీ లేచి కూర్చుంటుంది. డిసేబుల్ చేసేటప్పుడు వేరే యాప్‌లు సరిగ్గా పనిచేయకపోవచ్చని భయపెడుతూ ఒక మెసేజ్ వస్తుంది. ఈ ఇన్‌స్టాలర్ విషయంలో నిశ్చింతగా సరే అను, కాల్స్‌కీ డేటాకీ దాంతో పనిలేదు. దొంగని కట్టేశాక ఆ సాలిటేర్ వగైరా ఒక్కొక్కటీ అన్‌ఇన్‌స్టాల్ చేసుకో. ఈ వరసే ముఖ్యం.

ఊపులో కనబడ్డవన్నీ ఆపేస్తావేమో, నీ సంగతి నాకు తెలుసు. కాలేజీలో మా కంప్యూటర్ బాగుచేస్తానని కూర్చుని సౌండ్ లేకుండా చేసిన చెయ్యి అది. క్యారియర్ సర్వీసెస్ అని గూగుల్‌ది ఒకటి ఉంటుంది, పేరులో క్యారియర్ అని ఉంది కదా అని దాని జోలికి పోకు, మెసేజ్‌లకి కావాలి. ఐఎంఎస్ అని పేరున్నవీ ముట్టుకోకు, వైఫై కాలింగ్ లాంటివి వాటి మీదే నడుస్తాయి. వైర్‌లెస్ ఎమర్జెన్సీ అలర్ట్స్ అసలు ముట్టుకోవద్దు. ఇక్కడ టోర్నడో హెచ్చరిక వస్తే ఫోన్ గట్టిగా గీపెట్టేది దానివల్లే, మీ ఒహాయోకీ టోర్నడోలు కొత్తేం కాదు. 2023లో మన దేశంలో కూడా ఫోన్లన్నీ ఒక్కసారిగా మోగి అందరూ హడలిపోయిన పరీక్ష మెసేజ్ గుర్తుందా, అదీ ఈ జాతిదే.

కొన్ని ఫోన్లలో డిసేబుల్ బటన్ బూడిద రంగులో ఉండి నొక్కితే కదలదు. నీ ఫోన్‌లో అలా ఉంటే కంప్యూటర్ కావాలి. సెట్టింగ్స్‌లో బిల్డ్ నంబర్ మీద ఏడుసార్లు నొక్కితే డెవలపర్ ఆప్షన్స్ బయటికొస్తాయి. అందులో యూఎస్‌బీ డీబగ్గింగ్ ఆన్ చేసి, కేబుల్‌తో లాప్‌టాప్‌కి కలిపి, గూగుల్ వాళ్లు ఉచితంగా ఇచ్చే ఏడీబీ అనే పనిముట్టుతో ఆ ఇన్‌స్టాలర్‌ని నీ వరకు తీసేయొచ్చు. నీ వరకు అని ఎందుకన్నానంటే, అసలు కాపీ సిస్టమ్ భాగంలో అలాగే ఉంటుంది. నీ ఖాతాకి మాత్రమే లేకుండా పోతుంది. రేపు అది లేక ఇంకేదైనా మొరాయిస్తే ఒక్క కమాండ్‌తో వెనక్కి తెచ్చుకోవచ్చు. ఫ్యాక్టరీ రీసెట్ చేస్తే మాత్రం మళ్లీ ప్రత్యక్షమవుతుంది. పెద్ద ఆండ్రాయిడ్ అప్‌డేట్ వచ్చిన మర్నాడు కూడా ఓసారి జాబితా చూసుకో, ఆపినవి కొన్ని లేచి ఉండొచ్చు. పని అయ్యాక యూఎస్‌బీ డీబగ్గింగ్ ఆపెయ్యి, అది ఆన్‌లో ఉంటే మన ఊరి బ్యాంకు యాప్‌లు కొన్ని తెరుచుకోవు. రూటింగ్, అంటే ఫోన్ సిస్టమ్ తాళాలు పగలగొట్టి పూర్తి పెత్తనం తీసుకోవడం, చేస్తానని మాత్రం బయలుదేరకు. బాకీ తీరని ఫోన్ మీద ఆ ప్రయోగాలు వద్దు.

ఒకవేళ ఆ యాప్ వివరాల చోట నిజంగానే ప్లే స్టోర్ అని ఉంటే కథ వేరే. కొత్త ఫోన్ మొదటిసారి ఆన్ చేసేటప్పుడు, ఏ సిమ్ వేశావో చూసి, ఈ కంపెనీవాళ్లకి ఈ యాప్‌లు అని ఒక జాబితాని ప్లే స్టోరే దించేస్తుంది. సెటప్ మధ్యలో అదనపు యాప్‌లు చూసుకోండి అని ఒక తెర వస్తుంది, అన్నింటికీ ముందే టిక్కులు పెట్టి ఉంటాయి. మనం నెక్స్ట్, నెక్స్ట్ అని నొక్కుకుంటూ పోతాం. అక్కడ ఆగి టిక్కులు తీసేస్తే చాలావరకు తప్పుతుంది. అన్‌లాక్డ్ ఫోన్‌లో, అంటే ఏ సిమ్ కంపెనీకీ కట్టుబడనిదాంట్లో కూడా కొత్త సిమ్ వేయగానే రీస్టార్ట్ చేయమని అడిగి, ఆ కంపెనీ యాప్‌లు తెచ్చుకోవడం ఉంది. కానీ వాటిని తీసేయడం సులువు.

ఇది కేవలం చిరాకు వ్యవహారమే అనుకుంటే నేనింత రాసేవాణ్ని కాదు. పేదవాళ్లకి ఫోన్ ఖర్చులో సాయం చేసే లైఫ్‌లైన్ అనే ప్రభుత్వ పథకం ఉంది ఇక్కడ. దాని కింద అష్యూరెన్స్ వైర్‌లెస్ వాళ్లు 35 డాలర్లకి యూఎంఎక్స్ అనే ఫోన్ ఇచ్చేవారు. 2020 జనవరిలో మాల్‌వేర్‌బైట్స్ అనే సైబర్ భద్రతా కంపెనీ పరిశోధకులు దాన్ని విప్పి చూస్తే, వైర్‌లెస్ అప్‌డేట్ అనే యాప్ యజమానిని అడగకుండా వేరే యాప్‌లు పెడుతోందని తేలింది. తీసేద్దామంటే ఫోన్‌కి సిస్టమ్ అప్‌డేట్లు రావాల్సింది కూడా దాంట్లోంచే. సెట్టింగ్స్ యాప్‌లోనే హానికరమైన కోడ్ ఉందని కూడా చెప్పారు. సెట్టింగ్స్ తీసేస్తే ఇక ఫోన్ ఎందుకు? ఖరీదైన ఫోన్ కొనుక్కున్నవాడికి ఏదో ఒక బటన్ దొరుకుతుంది, డబ్బులేనివాడికి అదీ ఉండదు. అదే నెలలో జనం గోప్యత కోసం పనిచేసే ప్రైవసీ ఇంటర్నేషనల్‌తో పాటు 50కి పైగా సంస్థలు, ఆండ్రాయిడ్ గూగుల్‌ది కాబట్టి, గూగుల్ అధిపతి మన సుందర్ పిచాయ్‌కి బహిరంగ లేఖ రాశాయి, ముందే పెట్టిన యాప్‌లని శాశ్వతంగా తీసేసుకునే వీలు జనానికి ఇవ్వమని.

దక్షిణ కొరియా ప్రభుత్వం 2014లోనే ఇలాంటివి తీసేసే వీలు ఉండాలని ఫోన్ కంపెనీలకీ టెలికాం కంపెనీలకీ చెప్పింది. ఐరోపాలో ఇప్పుడు పెద్ద కంపెనీలకి అది చట్టం. మన దగ్గర చూడు, 2025 నవంబరు చివర్లో టెలికాం శాఖ సంచార్ సాథీ యాప్‌ని కొత్త ఫోన్లన్నింట్లో ముందే పెట్టి తీరాలంది, గొడవ జరిగాక డిసెంబరు మొదటి వారంలో తప్పనిసరి కాదంది. ఆ యాప్ మంచిదే, పోయిన ఫోన్ బ్లాక్ చేయించడానికి పనికొస్తుంది. కానీ మంచిదైనా సరే, నా ఫోన్‌లో ఏది ఉండాలో నన్ను అడగాలి కదరా!

నాన్నగారి ఫోన్ గురించి కూడా అడిగావు. ఆయనది వేరే జబ్బు. తెర మీద హఠాత్తుగా క్రికెట్ స్కోరు కావాలా, జాతకం కావాలా అని చిన్న డబ్బాలు వస్తున్నాయన్నావు, అవి సిమ్‌లోంచి వచ్చేవి. ఫోన్‌లో సిమ్ టూల్‌కిట్ అనే యాప్ వెతకమను. లోపల కంపెనీని బట్టి నౌ అనో ఫ్లాష్ అనో ఒక మెనూ ఉంటుంది, దాంట్లోకి వెళ్లి స్టాప్ లేదా డీయాక్టివేట్ నొక్కితే డబ్బాలు ఆగుతాయి. ఈలోగా ఆయన చూసుకోకుండా ఓకే నొక్కి డబ్బులు కట్ అవుతుంటే 155223కి ఫోన్ చేసి ఆ సర్వీసు తీసేయమని చెప్పొచ్చు. 2013లో టెలికాం నియంత్రణ సంస్థ ట్రాయ్ పెట్టిన నిబంధన ప్రకారం రెండోసారి ఒప్పుకుంటే గానీ ఇలాంటివి మొదలుపెట్టకూడదు, ఆ మాట కస్టమర్ కేర్‌వాడికి గుర్తుచేయమను. లాక్ తెర మీద రోజుకో బొమ్మ, వార్త మారుతున్నాయంటే అది ఫోన్ తయారుచేసినవాడి ఏర్పాటు. చాలా ఫోన్లలో అది బెంగళూరు ఇన్‌మోబీ వాళ్ల గ్లాన్స్. సెట్టింగ్స్‌లో లాక్ స్క్రీన్ కింద ఆపేసుకోవచ్చు. మీ తమ్ముణ్ని పక్కన కూర్చోమని వీడియో కాల్‌లో చేయించు. పెద్దాయనకి ఒక్కడికే చెబితే ఫోన్ కుర్రాళ్ల దగ్గరికి తీసుకెళ్లి రీసెట్ కొట్టించుకొస్తారు, ఫోటోలన్నీ పోతాయి.

వచ్చేసారి ఫోన్ తయారుచేసిన కంపెనీ దగ్గరే అన్‌లాక్డ్‌ది కొనుక్కో, లేదా ఎంచక్కా ఐఫోన్ తీసుకో. ఆపిల్ మొదటినుంచీ సిమ్ కంపెనీల యాప్‌లని ముందే పెట్టనివ్వలేదు. కాకపోతే నువ్వు ఐఫోన్‌వాళ్లని ఎంత తిట్టావో మన వాట్సాప్ గ్రూపులో ఇంకా భద్రంగా ఉంది, అది నీ ఇష్టం.

డిసేబుల్ బటన్ పనిచేస్తే సరే. పనిచేయకపోతే శనివారం మీ టైమ్ పదకొండుకి కాల్ చెయ్యి, ఏడీబీ పని ఇద్దరం కలిసి చేద్దాం. లాప్‌టాప్‌లో అప్‌డేట్లేవైనా ఉంటే ముందురోజే కానివ్వు. కేబుల్ కూడా ఛార్జింగ్‌కి మాత్రమే పనికొచ్చే చవక రకం కాకుండా డేటా వెళ్లేది తెచ్చి పెట్టుకో.

ఉంటాను,
నీ రాంబాబు