రాజమన్నార్ తీర్పులు తెలుగులో రావాలి

కేంద్ర, రాష్ట్ర సంబంధాల మీద చర్చ వచ్చినప్పుడల్లా ఆ సంబంధాల మీద తమిళనాడు ప్రభుత్వం వేసిన రాజమన్నార్ కమిటీ పేరు పత్రికల్లో కనిపిస్తుంది గానీ, ఆ పాకాల వెంకట రాజమన్నార్ తీర్పుల గురించి తెలుగులో చదువుదామంటే చెన్నైలో నాకు ఒక్క పుస్తకమూ దొరకలేదు. 1948 నుంచి 1961 దాకా మద్రాసు హైకోర్టు ప్రధాన న్యాయమూర్తిగా ఉన్న తెలుగువాడాయన. కాలేజీ సీట్లను కులాలవారీగా పంచిన జీవో చెల్లదని 1950లో చెప్పిన ఫుల్ బెంచ్‌కు ఆయనే నాయకత్వం వహించారు. సుప్రీంకోర్టు కూడా అదే మాట అనడంతో 1951లో రాజ్యాంగాన్ని సవరించి, వెనుకబడిన వర్గాలకు ప్రత్యేక ఏర్పాట్లు చేయడానికి వీలిచ్చే 15(4) క్లాజు చేర్చాల్సి వచ్చింది. ఆ తీర్పు మనకు నచ్చకపోవచ్చు, కానీ తెలియకుండా ఎలా వాదిస్తాం? ఇక్కడి తెలుగు సభల్లో ఆయన్ని నాటక రచయితగా తలుచుకుని దండ వేసి ఊరుకుంటారు. నా జూనియర్లలో కొందరైతే ఆయన తమిళుడే అనుకుంటున్నారు. మద్రాసు విశ్వవిద్యాలయంలోని తెలుగు, న్యాయ శాఖలు కలిసి ఆయన ముఖ్యమైన తీర్పుల్నీ, 1971 కమిటీ నివేదిక సారాంశాన్నీ తెలుగులో ప్రచురించాలి. సభలకయ్యే శాలువాల ఖర్చులో కొంత తెలుగు సంఘాలు దీనికి ఇవ్వొచ్చు. అనువాదానికి నాలాంటి తెలుగు లాయర్లు ఫీజు అడగరు.

– ఒక న్యాయవాది, మైలాపూర్, చెన్నై