నాన్నగారి మీసం కాపాడిన తమ్ముడికి

నిన్న సాయంత్రం నాన్నగారిని ఇంటికి తెచ్చుకున్నాం. నేను సరిగ్గా పడుకుని పన్నెండు రోజులైంది, రాతలో తప్పులుంటే సర్దుకుని చదవండి.

పేగు మెలిక పడితే విజయవాడలో అర్ధరాత్రి ఆపరేషన్ చేశారు. 76 ఏళ్ల మనిషి, నాలుగు రోజులు వెంటిలేటర్ మీదే ఉన్నారు. మా తమ్ముడు, మరదలు, మా ఆయన ఎంత తిరిగారో చెప్పక్కర్లేదు, ఇక్కడ థాంక్స్ అంటే తిడతారు కూడా. నేను చెప్పాల్సింది ఐసీయూలో నైట్ డ్యూటీ వార్డుబాయ్ గురించి.

నాన్నగారి మీసం మా ఇంట్లో అందరికీ అన్నం పెట్టింది. 1967లో ఆర్మీ సిగ్నల్స్‌లో చేరి, జబల్‌పూర్‌లో ట్రైనింగ్ అయ్యి, 1971 యుద్ధంలో వైర్‌లెస్ సెట్ ముందు కూర్చున్నారు. డిసెంబరు 16న ఢాకాలో పాకిస్తాన్ సైన్యం లొంగిపోయిన కబురు తన చెవిన ఎలా పడిందో ఏటా ఆ రోజు చెబుతారు, మేము ఏటా కొత్తగా వింటాం. 1985లో హవల్దారుగా రిటైరై వచ్చి బ్యాంకులో గన్‌మ్యాన్‌గా చేరారు. రాత్రి తుపాకీ, పగలు నాటకాల రిహార్సల్సు. హరిశ్చంద్ర నాటకం కాటి సీనులో వీరబాహు వేషం కడితే తుమ్మలపల్లి కళాక్షేత్రంలో చివరి వరస దాకా ఆ గొంతే. వైర్‌లెస్‌లో ఒక్క అక్షరం మింగినా ప్రాణాలు పోతాయట, అందుకే డైలాగు మింగే నటులంటే ఆయనకి ఒళ్లుమంట. తర్వాత గాంధీనగర్‌లో సినిమా ఆఫీసుల చుట్టూ ఫొటోలు పట్టుకుని తిరిగి, శాతవాహన ఎక్స్‌ప్రెస్‌లో హైదరాబాద్ వెళ్లొస్తూ చిన్న చిన్న వేషాలు వేశారు. కానిస్టేబులు, ఊరి ప్రెసిడెంటు, పెళ్లికూతురి తాత. "నటుడు కెప్టెన్ రాజు నిజంగానే ఆర్మీలో కెప్టెన్, అందుకని విలనయ్యాడు. నేను హవల్దార్ని, కానిస్టేబుల్ దగ్గరే ఆగిపోయాను" అంటారు.

ఐసీయూలో నాన్నగారి నోట్లో పెట్టిన వెంటిలేటర్ గొట్టానికి ప్లాస్టర్ అంటుకోవడం లేదు, మీసం తీసేయాలన్నారు. నేను సరేనన్నాను, ప్రాణం కంటేనా. బయటికొచ్చి ఫోన్లో నాన్నగారి వీరబాహు ఫొటో చూసుకుంటూ కూర్చుంటే ఆ వార్డుబాయ్ వెనక నుంచి చూశాడు. నాన్నగారి సినిమా ఒక్కటీ చూసి ఎరగడు. లోపలికెళ్లి సిస్టర్‌ని బతిమాలి, ప్లాస్టర్ బదులు గుడ్డ టేపు తలచుట్టూ తిప్పి కట్టేలా ఒప్పించాడు. గొట్టం తీశాక, డ్యూటీ అయిపోయిన పొద్దున ఇంటికెళ్లకుండా ఉండి గడ్డం గీశాడు. దువ్వెనకి చుక్క కొబ్బరినూనె రాసి మీసం దువ్వి, "అక్కా, తాతగారికి చూపించండి" అని తన ఫోన్ కెమెరా ఆయన మొహానికి ఎదురుగా పట్టుకున్నాడు. నాన్నగారు చాలాసేపు చూసుకుని, బొంగురు గొంతుతో "ఎడంపక్క కొంచెం ఎక్కువుంది" అన్నారు. నేను అక్కడే, అందరి ముందూ, చున్నీ నోట్లో కుక్కుకుని ఏడ్చాను. ఐదొందలు ఇవ్వబోతే తీసుకోలేదు. పేరు అడగడం కూడా తట్టలేదు నాకు.

ఇదే పన్నెండు రోజుల్లో ఒక కౌంటర్లో మాజీ సైనికుల వైద్యం కార్డు మీద పేరుకీ ఆధార్‌లో పేరుకీ ఒక అక్షరం తేడా ఉందని మా సొంత తమ్ముణ్ని రెండు రోజులు తిప్పారు. ఎమర్జెన్సీలో 48 గంటల్లో కబురు చెయ్యాలని రూలు, చెప్పడానికి వెళ్తేనేమో అక్షరం. 1971లో సరిహద్దుకి పంపినప్పుడు ఎవరూ స్పెల్లింగు అడగలేదు కదండీ. సరే, ఇప్పుడు బీపీ పెంచుకోను.

అయ్యో, రక్తం ఇచ్చిన ఇద్దరు ఇంజినీరింగ్ కుర్రాళ్లు! వాళ్లని మర్చిపోతే పాపం తగులుతుంది. రోజూ చారన్నం క్యారేజీ పంపిన కింది వాటా పిన్నిగారు. మందుల షాపులో అరువు పెట్టిన పెద్దాయన. నాటకాల బృందం వాళ్లు, ఐసీయూ బయట పద్యం ఎత్తుకోబోతే నేనే ఆపాను, క్షమించండి.

ఇంకొకటి. ఆ రాత్రి మమ్మల్ని ఏలూరు రోడ్డు మీదుగా ఆసుపత్రికి చేర్చిన ఆటో ఆయనకి చిల్లర లేక 40 రూపాయలు బాకీ పడ్డాను. వెనక అద్దం మీద అమ్మవారి బొమ్మ ఉన్న ఆటో. ఎవరికైనా తెలిస్తే చెప్పండి.